రెక్కాడితేనే రాత్రి గడిచేది

కెనడాలోని విన్నిపెగ్‌లో నాకిది మూడో చలికాలం. ఊరి చివర ఒక గోదాంలో నైట్ షిఫ్ట్. జనవరిలో పొద్దున్న ఎనిమిదింటికి డ్యూటీ దిగినా ఇంకా పూర్తిగా తెల్లారదు. బస్టాపులో మైనస్ 30. మన ఊపిరే కనురెప్పల మీద పేరుకుని రెప్పలు అంటుకుపోతుంటాయి.

"అంత చలిలో పిట్టలైనా బతుకుతాయా నాన్నా?" అని అమ్మ ఫోన్‌లో అడిగింది. బతుకుతాయమ్మా, రోజూ చూస్తున్నాను అన్నాను.

మా క్యాంటీన్ కిటికీ బయట ఫిలిప్పీన్స్ నుంచి వచ్చిన మా తోటి పనివాడొకాయన పొద్దుతిరుగుడు గింజల డబ్బా వేలాడదీశాడు. దానికి చికడీలనే చిన్న పిట్టలు వస్తాయి. నల్ల టోపీ, తెల్ల బుగ్గలు, ఈకలన్నీ ఉబ్బించుకుని దూదిపింజలా ఉంటుంది. ఒకటి నా కళ్ల ముందే గింజ తీసుకెళ్లి పక్క చెట్టు బెరడు సందులో కుక్కి, మళ్లీ వచ్చింది. అలా ఎన్నో చోట్ల దాస్తుంది, ఎక్కడ దాచిందో గుర్తుపెట్టుకుంటుంది.

దాని బరువు 11 గ్రాములు. పగలు ఒంటి వేడి దాదాపు 42 డిగ్రీలు. రాత్రయితే చెట్టు తొర్రలో దూరి, ఆ వేడిని పది డిగ్రీలకు పైగా తగ్గించుకుంటుంది. అలా తగ్గించుకుని కూడా తెల్లార్లూ వణుకుతూనే ఉంటుంది, ఆ వణుకుడే దానికి కుంపటి. పగలు తిని పెట్టుకున్న కొవ్వంతా ఆ ఒక్క రాత్రికే కరిగిపోతుంది. తెల్లారితే మళ్లీ మొదటికే. రెక్కాడితేగాని డొక్కాడదని మనం మనుషుల గురించి అంటాం గానీ, ఆ మాట అచ్చంగా ఈ పిట్టదే.

నేలమీద కథ వేరు. మోకాటిలోతు మంచు పడితే దాని అడుగున సున్నాకి కాస్త అటూ ఇటూగా ఉంటుంది. ఎలుకలు అక్కడే సొరంగాలు చేసుకుని తిరుగుతాయి. మంచు తక్కువ పడిన ఏడే వాటికి గండం. ఆ దుప్పటి కిందే, రాలిన ఆకుల్లో వుడ్ ఫ్రాగ్ అనే కప్ప రాయిలా గడ్డకట్టి పడుంటుంది. గుండె కొట్టుకోదు, ఊపిరి ఆడదు. కాలేయం ఒళ్లంతా చక్కెర నింపి కణాలు చెడకుండా కాపాడుతుంది. వసంతంలో కరిగి, లేచి, కుంటల్లో అరుస్తుంది.

"ఆగిన గుండె మళ్లీ కొట్టుకుంటుందా?" అమ్మ రెండుసార్లు అడిగింది. కొట్టుకుంటుందమ్మా అన్నాను. అమ్మ చాలాసేపు ఏమీ మాట్లాడలేదు.

ఇవాళ మైనస్ 34. డబ్బా దగ్గర ఆరు చికడీలు లెక్కపెట్టాను. అమ్మకి చెప్పాలి.