మలేరి రాళ్ళలో పళ్ళు, బర్నెట్ నదిలో చేప

చాలా ఏళ్ళ క్రితం అమ్మతో కలిసి చికాగోలోని షెడ్ అక్వేరియం చూడటానికి వెళ్ళినప్పుడు, ఒక తొట్టి అడుగున మానుదుంగలా కదలక మెదలక పడి ఉన్న పెద్ద చేప దగ్గర ఇద్దరమూ ఆగిపోయాము. అది ఆస్ట్రేలియా ఊపిరితిత్తుల చేప; అక్కడివారు దానిని 'గ్రాండ్‌డాడ్' (తాతయ్య) అని పిలిచేవారు. 1933లో సిడ్నీ నుంచి వచ్చిన ఆ చేప 2017లో కన్నుమూసేదాకా అక్కడే ఉంది. అమ్మ కాసేపు చూసి, "మన కొర్రమీనులా లేదూ?" అంది. అప్పుడు నవ్వాను గాని, ఆ పోలిక అంత తీసిపారేయదగినది కాదు.

కొర్రమీను కూడా పైకి వచ్చి గాలి పీలుస్తుంది. అందుకే బజారులో దానిని కొద్దిపాటి నీళ్ళలోనే ప్రాణంతో ఉంచి అమ్మగలుగుతున్నారు. అయితే దానికి ఉన్నది మొప్పలపైన ఒక గది మాత్రమే. ఆస్ట్రేలియా చేపకు ఉన్నది నిజమైన ఊపిరితిత్తి, అదీ ఒక్కటే. మామూలు రోజుల్లో మొప్పలతోనే గడుపుకునే ఈ చేప, నీటిలో ఆక్సిజన్ తగ్గినప్పుడో, రాత్రివేళ చురుకుగా తిరిగేటప్పుడో పైకి వచ్చి గాలి మింగుతుంది. ఆఫ్రికాలోని దాని దాయాదులు ఎండాకాలంలో బురదలో దాక్కుని బతకగలవు. దీనికి ఆ విద్య లేదు, నది ఎండితే దీని పనీ అయిపోయినట్టే. ఊపిరితిత్తుల చేపలు మిగతా చేపలకంటే నాలుగు కాళ్ళ జంతువులకు, అంటే మనకు, దగ్గరి చుట్టాలు. 2021లో వెలువడిన ఈ ఆస్ట్రేలియా చేప జన్యుపటంలో సుమారు 4,300 కోట్ల డీఎన్‌ఏ అక్షరాలున్నాయి, అంటే మన జన్యుపటానికి దాదాపు పద్నాలుగు రెట్లు.

నన్ను ఎక్కువగా ఆకట్టుకున్నది మాత్రం దీనికి పేరు పెట్టిన కథ. క్వీన్స్‌లాండ్‌లోని బర్నెట్ నదిలో పెద్ద పొలుసుల వింత చేప ఉందని విలియం ఫార్‌స్టర్ చెబితే సిడ్నీలోని శాస్త్రవేత్త గెరార్డ్ క్రెఫ్ట్ నమ్మలేదు. 1870లో చేప చేతికొచ్చి, నోరు తెరిచి చూస్తే, అంతవరకు శిలాజాలుగానే తెలిసిన సెరటోడస్ అనే ప్రాచీన ఊపిరితిత్తుల చేప పళ్ళు సజీవమైన దవడలో కనిపించాయి. చేసిన తప్పు దిద్దుకున్నట్టుగా చేపకు ఫార్‌స్టర్ పేరే పెట్టాడు. అలాంటి శిలాజాలు మన నేలలోనూ ఉన్నాయి: ఆసిఫాబాద్ వైపు, ప్రాణహిత–గోదావరి లోయలోని మలేరి రాళ్ళలో దొరికిన ట్రయాసిక్ కాలపు (ఇరవై కోట్ల ఏళ్ళకు పైబడిన) పళ్ళకు భూగర్భ శాస్త్రవేత్త థామస్ ఓల్డ్‌హామ్ 1859లోనే, అంటే క్రెఫ్ట్ కంటే పదకొండేళ్ళ ముందే, పేర్లు పెట్టాడు. వాటికి హిస్లోప్, హంటర్ అనే వ్యక్తుల పేర్ల మీదుగా హిస్లోపియానస్ అనీ, హంటేరియానస్ అనీ పేర్లు పెట్టారు గాని, మలేరి పేరు ఎక్కలేదు. ఆ సంగతి నాకు కొంచెం వెలితిగానే అనిపిస్తుంది.

ఇంతకాలం నిలిచిన చేప ఆనకట్టల ముందు ఎందుకు తడబడుతోంది? ఆగస్టు నుంచి డిసెంబరు దాకా లోతు తక్కువ నీటిలో, నాచు మొక్కల ఆకులకు ఒక్కొక్కటిగా గుడ్లను అంటించి, ఆ తర్వాత వాటి ఊసే పట్టించుకోదు. మూడు నాలుగు వారాలకు గాని పిల్ల బయటికి రాదు. ఈలోగా నీటిమట్టం పడిపోతే గుడ్లు గట్టున పడి ఎండిపోతాయి. జలాశయం నిండితే ఆ మొక్కలే మునిగి చచ్చిపోతాయి. ఈ చేపను పట్టడాన్ని 1914లోనే నిషేధించారు; కాని వలను ఆపినంత తేలికగా ఆనకట్టను ఆపలేకపోయారు. బర్నెట్‌పై ప్యారడైజ్ ఆనకట్ట 2005లో పూర్తయింది. మేరీ నదిపై తలపెట్టిన ట్రావెస్టన్ ఆనకట్టకు మాత్రం 2009లో ఆస్ట్రేలియా కేంద్ర పర్యావరణ మంత్రి పీటర్ గారెట్ అనుమతి నిరాకరించారు. ఆ నిర్ణయం వెనుక ఉన్న జీవులలో ఈ చేప ఒకటి.

దీని దీర్ఘాయువే మనల్ని మోసం చేస్తుందని నా అభిప్రాయం. ఈడుకు రావడానికే పదిహేను, ఇరవై ఏళ్ళు పట్టే ఈ చేప ఎన్నో దశాబ్దాలు బతుకుతుంది కనుక, పిల్లలు పుట్టడం ఆగిపోయినా నది నిండా పెద్ద చేపలే కనిపిస్తూ అంతా బాగున్నట్టే తోస్తుంది. పిల్లచేప కంటబడటం ఎప్పుడూ అరుదే కాబట్టి, అవి లేవన్న సంగతి ఎవరికీ వెంటనే తట్టదు. అందుకే వయసు లెక్కకట్టే పద్ధతులకు ఇంత విలువ వచ్చింది. 1950–60లలో జరిగిన అణుబాంబు పరీక్షల వల్ల గాలిలో పెరిగిన కార్బన్–14 (రేడియోధార్మిక కార్బన్) జాడ పొలుసులలో మిగిలి ఉంటుంది. చేపను చంపకుండా ఒక్క పొలుసు తీసి పరీక్షిస్తే అది పుట్టిన కాలం తెలుస్తుంది. అలా ఒక నదిలోని చేపల వయసులన్నీ వరుసగా పేర్చి చూసినప్పుడే, ఏ సంవత్సరాలలో పిల్లలు బతికి బట్టకట్టాయో, ఏ సంవత్సరాలు ఖాళీగా పోయాయో బయటపడుతుంది.