మేడ మీద లైటు

పదకొండున్నర అయింది. ఇంట్లో అందరూ పడుకున్నారు. నాకు మాత్రం ఆ ఒక్క తాబేలు పిల్ల కళ్ల ముందు తిరుగుతూనే ఉంది.

పొద్దున్న ఐదింటికే చిన్నదాన్ని లేపి విశాఖలో సాగర్ నగర్ బీచికి తీసుకెళ్లాను. అటవీశాఖ వాళ్లు గుడ్లు పొదిగించే హేచరీలో తాబేలు పిల్లలు బయటికొచ్చాయని, తెల్లారేలోపు వదులుతారని నిన్న సాయంత్రం తెలిసింది. కర్రలకి వల చుట్టిన దడి. లోపల వరసగా పూడ్చిన గుంతలు. ఒక్కోదాని దగ్గర ఏ రోజు గుడ్లు, ఎన్ని గుడ్లు అని రాసిన చీటీ. "నూట పద్నాలుగా!" అని చిన్నది నోరు తెరిచింది. తట్టలోంచి ఇసుక మీదకి వదిలారు. నల్లగా, తడి బొగ్గుముక్కల్లా, అరచేతిలో సగం కూడా లేవు. సంతోషం ఆ రెండు నిమిషాలే.

ఎవరో ఫోన్ లైటు వేశారు. చూసి ఇంకొకరు, ఇంకొకరు. "లైట్లు ఆపండి సార్" అని అక్కడి కుర్రాడు మూడుసార్లు చెప్పాడు. ఒకాయన పిల్లనొకదాన్ని రెండు వేళ్లతో పైకెత్తి భార్య చేత ఫొటో తీయించుకున్నాడు. దాని కాళ్లు గాల్లో ఈదుతూనే ఉన్నాయి. చివర్లో ఉన్న ఒక పిల్ల మాత్రం అలల వైపు కాకుండా మా వైపు తిరిగింది. కుర్రాడు దాన్ని సముద్రం వైపు తిప్పాడు. మళ్లీ తిరిగింది, ఈసారి బీచ్ రోడ్డు దీపాల వైపు. అంతలో జనం ముందుకు తోసుకొచ్చారు. అది నీళ్లలోకి వెళ్లిందో లేదో చూడలేకపోయాను.

ఆ పిల్లలకి ఎవరూ దారి చెప్పరు. ఎటు వెలుగు ఎక్కువుంటే అటే సముద్రం అనుకుని పోతాయి. ఒకప్పుడు అది నిజమే, చీకట్లో ఆకాశం కింద నీళ్లే కాస్త తెల్లగా కనిపించేవి. ఇప్పుడు ఒడ్డంతా దీపాలు. అటు నడిచిందంటే కుక్కకో, కాకికో, ఎండకో బలి. ఇంటికొచ్చి ఇదంతా చెప్తే ఆయన "ఏదో ముచ్చటపడి వచ్చారు, పోనీలే" అన్నారు. నాకు ఇంకా మండింది. చదువుకున్నవాళ్లు, కార్లలో వచ్చినవాళ్లు. మూడుసార్లు చెప్పినా వినరా?

మధ్యాహ్నం బట్టలు మడతపెడుతుంటే చిన్న మావయ్య గుర్తొచ్చాడు.

అప్పుడు నాకు తొమ్మిదేళ్లుంటాయి. సంక్రాంతికి అమ్మమ్మ వాళ్ల ఊళ్లో ఉన్నాం, భీమిలి దాటాక. భోజనాలయ్యాక మావయ్య నన్ను ఒడ్డుకి తీసుకెళ్లాడు. చేతిలో టార్చి ఉంది కానీ వెయ్యలేదు. నేను లాక్కోబోతే చెయ్యి పట్టుకుని "ఎయ్యకు, ఎనక్కెళిపోద్ది" అన్నాడు. చాలాసేపు కూర్చున్నాం. ముందు నాకు బండరాయి అనిపించింది, తర్వాత అది కదిలింది. నాలుగడుగులు వేసి ఆగుతూ, పెద్దగా నిట్టూరుస్తూ పైకొచ్చింది. వెనక కాళ్లతో గొయ్యి తవ్వింది. ఒక కాలు గరిటెలా వంచి ఇసుక తీసి పక్కన పడేస్తుంది, తర్వాత రెండోది. మూరెడు లోతు అయ్యాక గుడ్లు, రెండేసి మూడేసి, తెల్లగా. పూడ్చేశాక ఒళ్లంతా ఇటూ అటూ ఊపుతూ పొట్టతో ఇసుక మీద కొట్టింది, అచ్చం దిమ్మిస కొట్టినట్టే. ఆ చప్పుడు నాకు ఇప్పటికీ గుర్తుంది. కళ్లవెంట నీళ్లు కారుతుంటే ఏడుస్తోందనుకున్నాను. ఒంట్లో పేరుకున్న ఉప్పు అలా బయటికి పోతుందని చాలా ఏళ్లకి తెలిసింది.

అది నీళ్లలోకి వెళ్లాక మావయ్య గొయ్యి తవ్వి గుడ్లన్నీ తువ్వాలులో కట్టాడు.

"కూర్మనాథుడి పిల్లలురా" అని అమ్మమ్మ వంటింట్లోకి రానివ్వలేదు. పెరట్లో రాళ్లపొయ్యి మీద ఉడకబెట్టాడు. ఎంతసేపు ఉడికినా తెల్లసొన గట్టిపడదు, జిగురుగానే ఉంటుంది. నేనూ ఒకటి తిన్నాను.

ఫోన్ లైట్లవాళ్లని పొద్దున్నంతా తిట్టుకున్న నేను ఇది గుర్తొచ్చాక ఏమనాలో తెలియక ఆగిపోయాను. వాళ్లు ఒక్క గుడ్డు కూడా తినలేదు కదా. ప్రాణంతో ఉన్న పిల్లని చూడాలని నిద్ర మానుకుని వచ్చారు. మావయ్యేమో నూరు గుడ్లూ పట్టుకుపోయాడు, కానీ తల్లి పని అయ్యేదాకా దానికి చీకటినిచ్చాడు. ఎవరూ నేర్పకుండానే అతనికి ఆ సంగతి తెలుసు. అలాగని మావయ్యని మెచ్చుకోలేను. ఆ గోతిలోంచి ఒక్క పిల్ల కూడా బయటికి రాలేదు.

ఇక తల్లుల సంగతి. జనవరి నుంచి మన ఒడ్డుకి చాలా తల్లి తాబేళ్లు చచ్చి కొట్టుకొచ్చాయి. తాబేలు ఊపిరి కోసం పైకి రావాలి, మరబోట్లు ఈడ్చే ట్రాలు వలలో చిక్కితే రాలేదు. చేపలావిడతో కోపంగా అన్నాను, వలకి తాబేలు బయటపడే దారి ఉన్న ఇనప చట్రం పెట్టొచ్చు కదా అని. "ఆ కన్నంలోంచి రొయ్యా పోద్ది కదమ్మా, డీజిలు డబ్బులెవులిత్తారు?" అంది. ఆ ఇనప చట్రం వల్ల పోయే సరుకు తక్కువేనంటారు, కానీ ఆ తక్కువ కూడా వాళ్లింట్లోంచే పోవాలి. వేట నిషేధం ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా. తల్లులు ఎక్కువగా ఒడ్డుకి వచ్చేది జనవరి నుంచి మార్చి వరకు. నిషేధం మొదలయ్యేసరికి చాలావరకు వచ్చి వెళ్లిపోతాయి, చచ్చేవి చచ్చిపోతాయి. దీనికి నా దగ్గర జవాబు లేదు.

మా మేడ మీద లైటుకి మాత్రం ఉంది. బైకు పోయినప్పుడు వేయించిన ఆ పెద్ద ఫ్లడ్ లైటు గేటు మీద కన్నా సముద్రం మీదే ఎక్కువ పడుతుంది. సాయంత్రం మా అపార్టుమెంటు అసోసియేషన్ సెక్రటరీగారికి ఫోన్ చేసి ఆపమంటే "దొంగలొస్తే ఎవరిదమ్మా బాధ్యత?" అన్నారు. గట్టిగానే మాట్లాడాను. ఫోన్ పెట్టేశాక ఆలోచిస్తే ఆయనడిగిందీ న్యాయమే అనిపించింది. ఆపక్కర్లేదు, కిందికి, గేటు వైపుకి తిప్పితే చాలు. మళ్లీ ఫోన్ చేసి, ఎలక్ట్రీషియన్ డబ్బులు నేనే ఇస్తానని చెప్పాను. "మీటింగులో చూద్దాం" అన్నారు. మీటింగు వచ్చే నెల. హేచరీవాళ్ల కంటపడని గూళ్లు మా ముందున్న ఇసుకలో ఏమైనా ఉంటే, నలభై అయిదు నుంచి అరవై రోజుల్లో పొదుగుతాయి. మీటింగు కోసం ఆగవు.

ఇప్పుడే బాల్కనీలోకి వెళ్లి మా బల్బు తీసేసి చూశాను. మేడ మీది వెలుగు ప్రహరీ దాటి, రోడ్డు దాటి, తడి ఇసుక దాకా పడుతోంది. పొద్దున్నే వాచ్‌మన్‌ని అడగాలి, దాని స్విచ్ ఏ బోర్డులో ఉందో.