పది గొంతుల పుస్తకం

అమ్మకు పశుపతినాథుణ్ణి చూపించాలని కాఠ్మాండూ తీసుకెళ్ళాను. దర్శనం బాగా అయింది. అక్కడ పూజలు చేసే భట్టలు కర్ణాటక నుంచి వచ్చినవాళ్ళని తెలిశాక అమ్మ సొంతూళ్ళో ఉన్నట్టే తిరిగింది. కానీ ఇప్పుడు రాస్తున్నది ఆ గుడి గురించి కాదు. మర్నాడు బాగ్మతి నది దాటి పాటన్‌లో చూసిన ఒక పుస్తకం గురించి.

పాటన్‌లో బంగారు గుడి అంటే ఎవరైనా దారి చూపిస్తారు. అసలు పేరు హిరణ్యవర్ణ మహావిహారం. ఆ లోయలో పాతకాలం నుంచీ ఉన్న నేవార్లు క్వా బహా అంటారు. లోపలికి తోలు వస్తువులు తేకూడదు. చెప్పులంటే సరే, నా బెల్టు కూడా విప్పించారు. ఒక చేత్తో ప్యాంటు పట్టుకునే బుద్ధుడికి దండం పెట్టుకున్నాను. కప్పు మీంచి పొడుగాటి లోహపు పట్టీలు వేలాడుతుంటాయి, దేవతలు దిగిరావడానికట. రాతి నేల మీద ఒక తాబేలు తీరిగ్గా నడుస్తోంది. ప్రధాన పూజారి పన్నెండేళ్ళు నిండని పిల్లాడు, నెల రోజులు సేవ చేసి ఇంకో పిల్లాడికి అప్పగిస్తాడు. అమ్మ వాణ్ణి చూసి "టిఫిన్ తిన్నావా నాన్నా?" అంది, తెలుగులోనే.

ముంగిట్లో చాపల మీద పదిమంది గుభాజులు, అంటే వాళ్ళ పురోహితులు, కూర్చుని ఉన్నారు. నడుమ బంగారు అక్షరాల తాళపత్రాల్లాంటి పొడుగాటి విడి కాగితాలు. మహాయాన బౌద్ధుల గ్రంథం అష్టసాహస్రిక ప్రజ్ఞాపారమిత. 32 అధ్యాయాలు. పూజ చేసి, ఆ కాగితాలు తలా కాసిన్ని పంచుకుని, పదిమందీ ఒక్కసారిగా మొదలుపెట్టారు. ఒకాయన మొదటి అధ్యాయంలో ఉంటే పక్కాయన ఎక్కడో మధ్యలో ఉన్నాడు. సంస్కృతమే, కానీ ఒక్క ముక్క విడిగా చెవిన పడితే ఒట్టు. తేనెపట్టు దగ్గర నిలబడ్డట్టుంది.

అమ్మకు నచ్చలేదు. ఇంట్లో ఆవిడ సుందరకాండ పారాయణానికి కూర్చుంటే ఎదురుగా ఎవరో ఒకరు వినాలి. నేను కునుకు తీస్తే మోకాలి మీద ఒక్కటి వేసి, ఆ సర్గ మళ్ళీ మొదట్నించీ చదువుతుంది. "ఇట్లా చదివితే వినేదెవరు?" అంది నా చెవిలో.

పక్కన కూర్చున్న కుర్రాడు ఆ పారాయణం చేయిస్తున్న ఇంటివాడే. వాళ్ళమ్మకు జబ్బు చేస్తే మొక్కుకున్నారట, నయమైంది, ఇప్పుడు మొక్కు తీరుస్తున్నారు. అమ్మ తన హైదరాబాదు హిందీలో అడిగితే ఓపిగ్గా చెప్పాడు. ఆపద వస్తే ఇది చదివిస్తామన్నాడు. పంచరక్ష అని ఇంకో గ్రంథం కూడా ఉంది, అందులో ఐదుగురు రక్షాదేవతలు. వాళ్ళలో మహామాయూరి పాముకాటుకు మందు. కట్టెలు కొడుతూ పాముకాటుకు గురైన స్వాతి అనే భిక్షువు కోసం ఆనందుడు వెళ్ళి అడిగితే బుద్ధుడు చెప్పిన మంత్రమని ఆ గ్రంథంలోనే ఉంది. బాణుడు రాసిన హర్షచరిత్రలో హర్షుడి తండ్రి ప్రభాకరవర్ధనుడు మంచాన పడ్డప్పుడు కూడా దాన్నే చదువుతారు.

ప్రజ్ఞాపారమితను నాగలోకం నుంచి తెచ్చినవాడు నాగార్జునుడని బౌద్ధుల నమ్మకం. అది చెప్పగానే అమ్మ మొహం మారిపోయింది. "మన సాగర్ నాగార్జునుడేనా?" అవునన్నాను. డ్యాము కట్టినప్పుడు లోయ మునిగితే శిథిలాలను కొండ మీదికి చేర్చారని, బళ్ళో ఉండగా లాంచీ ఎక్కి చూసొచ్చానని ఆ కుర్రాడికి చెప్పడం మొదలుపెట్టింది. అతను "ఆమా, ఆమా" అంటూ విన్నాడు. నేపాలీలో అమ్మ అన్నమాటే.

చదవడం అయ్యాక గ్రంథాన్ని వాళ్ళింటివాళ్ళ తలలకు తాకించారు. అమ్మ కూడా వరసలో నిలబడి తల వంచింది. ఎవరమ్మా నువ్వని ఎవరూ అడగలేదు. కుంకుమ పాపిట్లో నుంచి ముక్కు మీదికి రాలింది.

రాత్రి హోటల్లో అమ్మ సంచీలోంచి సుందరకాండ తీసింది. నడిచి నడిచి ఉన్నానేమో, రెండో శ్లోకానికే నాకు కళ్ళు మూతపడ్డాయి. ఎప్పుడో మెలకువ వచ్చి చూస్తే లైటు వెలుగుతూనే ఉంది, అమ్మ గోడవైపు తిరిగి గొణుగుతూ చదువుతోంది. మోకాలి మీద దెబ్బ మాత్రం పడలేదు.