కంపెనీ చెక్కు బౌన్సయితే డైరెక్టర్లను ముద్దాయిలుగా చేర్చడం: నా అనుభవం

వరంగల్ ఎనుమాముల మార్కెట్లో మాది పత్తి అడ్తి, అంటే రైతుల సరుకు కమిషన్ మీద అమ్మిపెట్టే దుకాణం. ఆదిలాబాద్ వైపు జిన్నింగ్ మిల్లు నడిపే ఒక ప్రైవేట్ లిమిటెడ్ కంపెనీ ఇచ్చిన 6,40,000 రూపాయల చెక్కు, ఖాతాలో డబ్బు చాలదన్న మెమోతో తిరిగొచ్చింది. సంతకం మేనేజింగ్ డైరెక్టరు (ఎండీ)ది, ఖాతా కంపెనీది. కేసంతా ఈ తేడా మీదే నడిచింది.

నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం 138వ సెక్షన్ ప్రకారం నేరం ఖాతాదారుది, అంటే కంపెనీది. 141వ సెక్షన్ ఆ బాధ్యతను వెనకున్న మనుషుల దాకా తెస్తుంది. కంపెనీని వదిలేసి డైరెక్టరు మీదే కేసు పెడితే నిలవదని సుప్రీంకోర్టు 2012లో అనీతా హడా కేసులో తేల్చింది. డబ్బు కట్టమని పంపే మా నోటీసు మొదటి చిత్తులో ఎండీ పేరొక్కటే ఉంది. పోస్టు చేసేముందు చూసి, కంపెనీ పేరు మొదట పెట్టించి, రిజిస్టర్డ్ ఆఫీసుకు రసీదుతో పంపాం.

మెమో సంగతి బ్యాంకు చెప్పిన 30 రోజుల్లో నోటీసు పోవాలి. అది తప్పితే ఒక్కటే దారి: చెక్కు తేదీ నుంచి 3 నెలలు దాటకపోతే మళ్లీ బ్యాంకులో వేసి, మళ్లీ తిరిగొచ్చాక కొత్తగా నోటీసివ్వడం. నోటీసులో చెక్కు మొత్తం పైసాతో సహా అంతే ఉండాలి. వడ్డీ, లాయరు ఫీజు విడిగా రాయాలి, కలిపి ఒకే అంకె వేస్తే నోటీసే చెల్లకపోవచ్చు. చెక్కు ఇచ్చాక కొంత సొమ్ము ముట్టిందా? అది చెక్కు మీద నమోదు చేయకుండా పూర్తి మొత్తానికి బ్యాంకులో వేస్తే 138 కింద నేరం నిలవదని 2022లో తీర్పొచ్చింది. మార్కెట్లో చిల్లర జమలు మామూలే కాబట్టి అడ్తిదార్లు ఎక్కువగా చిక్కుకునేది ఇక్కడే.

నోటీసు మార్చి 20న అందితే, డబ్బు కట్టడానికి ఏప్రిల్ 4 దాకా వాళ్లకు 15 రోజులు. అంతకుముందు ఫిర్యాదు వేస్తే చెల్లదు. ఆ తర్వాత నెలలోపు వేయాలి. ఆలస్యమైతే కారణం చూపి విడిగా పిటిషన్ పెట్టుకోవాలి. నా ఖాతా హన్మకొండ బ్రాంచీలో ఉంది. చెక్కు పుచ్చుకున్నవాళ్ల ఖాతా ఉన్న చోటే కేసు వేయాలన్న 2015 సవరణ పుణ్యమా అని కేసు ఇక్కడే వేయగలిగాం, ఆదిలాబాద్ తిరిగే పని తప్పింది.

ఇక డైరెక్టర్లు. కంపెనీ వ్యవహారాల శాఖ వెబ్‌సైటులో చూస్తే నలుగురి పేర్లున్నాయి. ‘డైరెక్టరు కాబట్టి బాధ్యుడు’ అని రాస్తే సరిపోదని 2005 నాటి ఎస్‌ఎంఎస్ ఫార్మాస్యూటికల్స్ తీర్పు. నేరం జరిగిన సమయంలో కంపెనీ వ్యాపారం నడిపే బాధ్యత ఆ మనిషిదేనని ఫిర్యాదులో రాయాలి. ఎండీకి పదవే చాలు, పైగా సంతకమూ ఆయనదే. రెండో డైరెక్టరు మా దగ్గర ధర తెగ్గొట్టి, లారీలు పంపించి, గడువు అడిగిన మనిషి. ఆయన వాట్సాప్ సందేశాలను, ఎలక్ట్రానిక్ ఆధారాలకు కావలసిన భారతీయ సాక్ష్య అధినియం (కొత్త సాక్ష్య చట్టం) 63వ సెక్షన్ ధ్రువపత్రంతో జతచేశాం. మూడో ఆయన చెక్కు తేదీకి ముందే రాజీనామా చేసినట్టు, డైరెక్టర్ల మార్పులు తెలిపే డీఐఆర్-12 ఫారంలో కనబడింది, వదిలేశాం. నాలుగో పేరు ఎండీ భార్యది. ఆమె మాకెప్పుడూ ఎదురుపడలేదు. భయపెడితే డబ్బొస్తుందని ఇంటి ఆడవాళ్లను కేసులోకి లాగడం నాకు అన్యాయమనిపిస్తుంది. పైగా అలాంటి వాళ్లు కేసు కొట్టేయమని హైకోర్టుకు వెళ్లి స్టే తెచ్చుకుంటే మన వాయిదాలూ ఆగిపోతాయి.

కోర్టులో వాళ్ల వాదన ఒక్కటే: అది సెక్యూరిటీ చెక్కు (హామీగా మాత్రమే ఇచ్చింది), బాకీ లేదు. సంతకం ఒప్పుకున్నాక బాకీ ఉందనే కోర్టు ముందుగా అనుకుంటుంది, కాదని చూపాల్సింది వాళ్లే. అయినా కాంటా చీటీలు, తక్‌పట్టీలు (అమ్మకం లెక్క చీటీలు), లారీ బిల్లులు, లెడ్జరు తేదీల వారీగా పెట్టాం.

ముద్దాయిలు తాము నేరం చేయలేదన్నాక అదే చట్టం 143ఏ సెక్షన్ కింద మధ్యంతర పరిహారం అడిగాం. చెక్కు మొత్తంలో 20 శాతం దాకా ఇప్పించవచ్చు, కానీ తప్పక ఇవ్వాలని లేదు. అందుకే రైతులకు మేం ముందే చెల్లించేసిన రసీదులు కూడా పిటిషన్‌కు జతచేశాం. కంపెనీ దివాలా ప్రక్రియలోకి వెళ్లి మారటోరియం (కేసులు, వసూళ్లు నిలిపేసే ఉత్తర్వు) వస్తే దాని మీద కేసు ఆగుతుంది. అయితే బాధ్యులైన డైరెక్టర్ల మీద కేసు నడుస్తుందని 2021లో సుప్రీంకోర్టు చెప్పింది. ఫిర్యాదులో ఎండీ, రెండో డైరెక్టరు పాత్ర అంత వివరంగా రాయించింది అందుకే.