రాబందును ‘అమ్మ’ అని రాసుకున్న దేశంలో

ఈజిప్టులో లక్సర్ నుంచి నైలు తూర్పుగట్టు వెంబడి ఎడ్ఫూ వైపు వెళ్తుండగా, చెరుకు బండి ఒకటి దారికి అడ్డంగా నిలిచిపోవడంతో మా కారు పావుగంట సేపు ఆగింది. జనవరి ఉదయం, చలి ఇంకా వదలలేదు. అక్కా నేనూ కిందికి దిగి నిలబడ్డాము. కరెంటు స్తంభం మీది నుంచి లేచిన గద్ద ఒకటి చెరుకు తోట మీద చుట్లు కొడుతూ ఉంటే అక్క దాన్నే చూస్తూ, “ఒరే, ఇది మన గద్దేరా” అన్నది. నిజమే, తోక చివర చీలిక ఉన్న ఆ నల్లగద్దకూ హైదరాబాదులో మాంసం కొట్ల మీద తిరిగే గద్దకూ నాకేమీ తేడా కనిపించలేదు. మా డ్రైవరు అరబ్బీలో ఏదో అని నవ్వాడు. మా గైడు, నలభై ఏళ్ళావిడ, దాన్ని మాకు విడమరచి చెప్పారు. ‘గద్ద కోడిపిల్లల్ని జారవిడుస్తుందా?’ అని వాళ్ళ సామెత. ఆశపోతు దగ్గర దానం ఆశించవద్దని దాని అర్థం. ముప్పై ఏళ్ళు తెలుగు పాఠం చెప్పి రిటైరైన అక్కకు ఆ సామెత ఎంత నచ్చిందంటే, ఆ రోజంతా దాన్ని తలుచుకుంటూనే ఉంది.

గద్ద కోడిపిల్లను తన్నుకుపోతుంది, తల్లికోడి రెక్కలు విప్పి పిల్లల్ని కప్పుకుంటుంది. మన మాటల్లో వేటపక్షికి గోళ్ళే ఉన్నాయి తప్ప రెక్కలు లేవు. రాబందు సంగతి చెప్పనే అక్కరలేదు, శవం దగ్గర చేరే వడ్డీవ్యాపారిని తిట్టడానికే ఆ పేరు వాడతాము. గరుడపక్షి ఒక్కదానికే మినహాయింపు. అది కనబడితే చెంపలు వేసుకుంటాము. ఈ అలవాట్లతోనే ఈజిప్టు వెళ్ళిన మాకు, అక్కడి గుడి గోడల మీద రెక్కలు విప్పి కాపాడుతున్నది తల్లికోడి కాదనీ, డేగా, గద్దా, రాబందేననీ అర్థం కావడానికి నాలుగు రోజులు పట్టింది.

మేము ముందుగా డబ్బు కట్టిన ఒక టూరు సంస్థ ఎల్ కాబ్ చూపిస్తామని కాగితం మీద రాసిచ్చి, తీరా లక్సర్ చేరాక ‘అక్కడ చూడడానికేమీ లేదు, పడవ అక్కడ ఆగదు’ అని చేతులెత్తేసింది. అందుకే విడిగా కారు మాట్లాడుకున్నాము. లక్సర్‌కు దక్షిణంగా 80 కిలోమీటర్ల పైచిలుకు దూరంలో ఉన్న ఎల్ కాబ్, పాత పేరుతో నెఖెబ్, రాబందు దేవత నెఖ్బెత్ ఊరు; ‘నెఖెబ్ ఊరావిడ’ అనే అర్థమే ఆమె పేరుగా నిలిచింది. ఏరు దాటితే ఎదురుగా నెఖెన్ ఉంటుంది. దాన్ని గ్రీకులు హియరాకొన్‌పొలిస్, అంటే డేగ పట్నం అన్నారు. ఒక గట్టున రాబందు, ఎదుటి గట్టున డేగ: దక్షిణాన ఉన్న ఎగువ ఈజిప్టు రాజ్యం పుట్టింది ఈ రెండు ఊళ్ళ చుట్టుపక్కలే.

ఊరి చుట్టూ పచ్చి ఇటుకలతో కట్టిన ప్రాకారం దాదాపు 12 మీటర్ల మందంతో ఇప్పటికీ నిలబడి ఉంది, లోపల మాత్రం గుడి ఆనవాళ్ళు పునాదుల్లోనే మిగిలాయి. టూరు సంస్థ మాట అక్కడికి నిజమేననిపించింది. అయితే తూర్పున ఎడారిలోకి చొచ్చుకుపోయే లోయలో, రాబందుల రాయి అని పిలిచే ఒక పెద్ద గుండు మీద, చరిత్రకు ముందు కాలపు మనుషులు చెక్కిన జంతువుల బొమ్మలూ, ఆ తర్వాత పిరమిడ్ల కాలపు పూజారులు చెక్కుకున్న పేర్లూ పక్కపక్కనే ఉన్నాయి. ఇంకొంచెం లోపలికి వెళ్తే మూడో అమెన్‌హోతెప్ కట్టించిన చిన్న గుడి వస్తుంది. ఆకాశంలో ఆ పూట ఒక్క రాబందు కూడా లేదు. నేను నిరాశపడ్డాను, అక్క పడలేదు.

గైడుగారు ఇసుకలో వేలితో ఒక పక్షి గుర్తు గీసి చూపించారు. అది రాబందు బొమ్మ. ఆ ఒక్క గుర్తును ‘ముత్’ అని చదువుతారు, ‘అమ్మ’ అని దాని అర్థం. లక్సర్ పక్కనున్న కర్నాక్‌లో ఆమోన్ దేవుడి భార్య పేరు కూడా అదే. రాజుకు ఉండే ఐదు పేర్లలో మొదటిది డేగ పేరు. కోట ముఖద్వారం బొమ్మ మీద డేగ వాలి ఉన్నట్టు గీసి, ఆ కోట లోపల రాజు పేరు రాస్తారు. రెండోది ‘ఇద్దరమ్మల’ పేరు. ఎగువ ఈజిప్టుకు రాబందు నెఖ్బెత్, ఉత్తరాన ఉన్న దిగువ ఈజిప్టుకు నాగుపాము వాద్జెత్: టుటంఖామున్ బంగారు ముసుగు నుదుటి మీద పక్కపక్కన తల ఎత్తి ఉన్నది ఆ ఇద్దరమ్మలే. రాణుల తల మీది కిరీటమైతే పూర్తిగా రాబందే. దాని తల నుదుటి మీదికి వస్తుంది, రెక్కలు రెండు చెవుల పక్కగా జుట్టును కప్పుతూ దిగుతాయి.

రాబందు అమ్మ ఎందుకయింది? రాబందుల్లో మగవే లేవనీ, అవి గాలి వల్ల గర్భం ధరిస్తాయనీ ఈజిప్షియన్లు నమ్మేవారని తర్వాతి కాలపు గ్రీకులు రాశారు. నాకు ఆ వివరణ కంటే గైడుగారు చెప్పిన మామూలు మాటే నచ్చింది. పెద్ద రాబందు ఏడాదికి ఒకే ఒక్క గుడ్డు పెడుతుంది, కొండగూటిలో ఆ ఒక్క పిల్లనూ నెలల తరబడి సాకుతుంది, ఎండ కాస్తుంటే రెక్క విప్పి దానికి నీడ పడుతుంది. ఎడారి అంచున బతికే మనిషికి నీడ పట్టే రెక్క ఎంత విలువైనదో, ఆ లోయలో పదకొండు గంటల ఎండకు టోపీ మరిచిపోయి నిలబడ్డ నాకు వేరుగా చెప్పనక్కరలేకపోయింది.

ఆవిడ ఇంకో గుర్తు గీశారు. అది అకారం వంటి ఒక హల్లుకు వాడే పక్షి, తెల్ల రాబందు. ఇంగ్లీషులో దాని పేరే ఈజిప్షియన్ వల్చర్. ఫోనులో దాని ఫొటో చూపించగానే, “ఇది పక్షితీర్థం పక్షిరా!” అని అక్క దాదాపు అరిచింది. పసుపుపచ్చని ముఖం, మాసిన తెలుపు ఒళ్ళు, రెక్కల అంచున నలుపు. మద్రాసుకు దక్షిణాన ఉన్న తిరుక్కళుకుండ్రాన్ని మనవాళ్ళు పక్షితీర్థమంటారు. మా చిన్నతనంలో అమ్మానాన్నలతో వెళ్ళినప్పుడు, మధ్యాహ్నం వేళ కొండ మీద పూజారి పళ్ళెంలో చక్కెర పొంగలి పెట్టుకుని పిలిస్తే, రెండు పక్షులు వచ్చి తిని వెళ్ళాయి. అవి కాశీలో స్నానం చేసి, ఇక్కడ భోంచేసి, రామేశ్వరం వెళ్తాయని అమ్మ చెప్పింది. 1990ల తర్వాత అక్కడ వాటి రాక నిలిచిపోయింది. మన దేశంలో రాబందులు కూలిపోవడానికి ముఖ్య కారణం పశువులకిచ్చే డైక్లోఫెనాక్ మందు అని తేలి, 2006లో పశువైద్యంలో దాన్ని నిషేధించారు. గుడిలో చేతి ముద్ద తిన్న పక్షినే ఈజిప్షియన్లు అక్షరంగా రాసుకున్నారని అక్క ఆ తర్వాత చాలాసేపు మాట్లాడలేదు.

గద్ద వంతు ముందు రోజే దెందెరాలో చూశాము. హాథోర్ దేవత గుడి పైకప్పు మీది చిన్న గదుల్లో ఒసైరిస్ దేవుడి కథ చెక్కి ఉంది. తమ్ముడు సేత్ చంపిన ఒసైరిస్ మంచం మీద పడుకుని ఉంటాడు, భార్య ఐసిస్ పక్షి రూపంలో అతని మీద రెక్కలాడిస్తూ ఉంటుంది. ఆ రెక్కల గాలితో అతనికి ఊపిరి పోసి, డేగ దేవుడు హోరస్‌ను కడుపున దాల్చింది. ఐసిస్, ఆమె చెల్లెలు నెఫ్తిస్ ఇద్దరినీ శవం పక్కన ఏడ్చే గద్దలని పాత మంత్రాలు అంటాయి. అంత్యక్రియల్లో శవపేటికకు రెండు చివరలా నిలబడి ఏడ్చే ఆడవాళ్ళను కూడా ‘గద్దలు’ అనే పిలిచేవారు. గద్ద కూత విన్నవారికి ఇందులో ఆశ్చర్యముండదు. ఆ సన్నని, వణికే, చివరకు జారే కూతకు మన పల్లెల్లో శవం దగ్గర తీసే రాగానికి పోలిక ఉంది.

ఎడ్ఫూ చేరేసరికి మధ్యాహ్నం రెండు దాటింది. ఆ గుడి హోరస్‌ది. క్రీ.పూ. 237లో మూడో టోలెమీ కాలంలో మొదలుపెట్టి, క్రీ.పూ. 57లో పన్నెండో టోలెమీ కాలంలో పూర్తిచేశారు. అంటే కట్టించిన రాజులు పుట్టుకతో గ్రీకులు. పరాయి వంశం వారు కాబట్టే డేగను ఇంత గట్టిగా పట్టుకున్నారేమో అనిపించింది నాకు. హోరస్ కొలువు తీరిన సింహాసనం మీద ఎవరు కూర్చున్నా ఆ దేశానికి సొంత రాజే. 19వ శతాబ్దం నడిమి దాకా ఈ గుడి సగానికి పైగా ఇసుకలో కూరుకుపోయి ఉండేది, కప్పు మీద ఊరి ఇళ్ళు ఉండేవి. 1860లలో ఫ్రెంచి పురావస్తు శాస్త్రజ్ఞుడు మారియెట్ తవ్వించి బయటికి తీశాడు. ఇసుక కప్పి ఉంచడం వల్లనే గోపురద్వారం 36 మీటర్ల ఎత్తున ఇంత చెక్కుచెదరకుండా మిగిలింది.

లోపలి ఆవరణలో, స్తంభాల మంటపం గుమ్మం పక్కన, ముదురు రంగు గ్రానైటు డేగ నిలబడి ఉంది. తల మీద ఎగువ, దిగువ రాజ్యాల జంట కిరీటం. మనిషి కంటే ఎత్తు. ఫొటోల్లో దాని చూపు భయపెడుతుంది. దగ్గరికి వెళ్ళి చూస్తే అది ఎవరి వైపూ చూడడం లేదు. కంటి కింద చెంప మీదికి దిగే చారను శిల్పి చాలా జాగ్రత్తగా తీశాడు. బతికున్న డేగలకు కంటి కింద ఉండే నల్లమచ్చ అదే. తాయెత్తుల్లోనూ పడవల ముక్కుల మీదా కనిపించే ‘హోరస్ కన్ను’ గీతకు మూలం కూడా అదే. సేత్‌తో పోరులో హోరస్ కన్ను పోయి, మళ్ళీ బాగయిందని కథ. అందుకే ఆ గుర్తుకు ‘వెద్జాత్’, అంటే ఏ లోపమూ లేని కన్ను అని పేరు.

గుడి చుట్టూ ఉన్న ప్రాకారపు లోపలి గోడ మీద ఆ పోరు బొమ్మలున్నాయి. పడవలో నిలబడి హోరస్ ఈటెతో పొడుస్తుంటాడు, పడవ కింద సేత్ నీటిగుర్రం రూపంలో ఉంటాడు. ఆ నీటిగుర్రాన్ని కుక్కపిల్లంత చేసి చెక్కారు. అసలు పరిమాణంలో చెక్కితే దానికి ప్రాణం వచ్చి చేటు చేస్తుందని వాళ్ళ భయమట. ఏటా పండగలో ఈ కథను ఆడి, చివర నీటిగుర్రం ఆకారంలో చేసిన రొట్టెను కోసేవారు. మన దసరాలో రావణుణ్ణి మాత్రం కొండంత చేసి నిలబెడతామని అక్క గుర్తుచేసింది.

నన్ను ఎక్కువగా పట్టి నిలిపింది మాత్రం రాతి డేగ కాదు, ప్రాణమున్న డేగ. ఏడాదికొకసారి, గుడిలో పెంచే డేగల్లో ఒకదాన్ని ఎంచి, గోపురద్వారపు రెండు బురుజుల నడుమ ఉన్న వేదిక మీది నుంచి జనానికి చూపించి, లోపలికి తీసుకెళ్ళి పట్టాభిషేకం చేసి, మాంసం నైవేద్యం పెట్టేవారు. ఆ ఏడాదికి అదే హోరస్, అదే రాజుకు ప్రతిరూపం. రాజు చనిపోతే ‘డేగ ఆకాశానికి ఎగిరింది’ అని రాసేవారు. నేను గుమ్మం దగ్గరికి తిరిగి వచ్చి ఆ వేదిక వైపు తల ఎత్తి చూశాను. పావురాలు వాలి ఉన్నాయి. వేటపక్షితో రాజును పోల్చడం మనకూ కొత్త కాదు. 1485లో విజయనగర సింహాసనమెక్కిన సాళువ నరసింహుడి ఇంటిపేరులోని సాళువం డేగే. కానీ మన సాళువం రాజు చేతి మీద వాలే వేటపక్షి, ఇక్కడ డేగ రాజు తల వెనక ఉంటుంది. ఆ తేడా కైరోలో కళ్ళారా చూస్తాము.

ఇంత భక్తికి రెండో ముఖం కూడా ఉంది. డేగను పొరపాటున చంపినా మరణశిక్షేనని గ్రీకు చరిత్రకారుడు హెరొడోటస్ రాశాడు. అదే దేశంలో, ఫారోల చివరి కాలం నుంచి, మొక్కు చెల్లించే యాత్రికులకు అమ్మడానికి డేగలను వేలాదిగా మమ్మీలు చేశారు. కైరో దగ్గరి సక్కారా శ్మశానంలో వాటి కోసమే సొరంగాలున్నాయి. దక్షిణాఫ్రికా మ్యూజియంలో ఉన్న ఒక చిన్న డేగ మమ్మీని స్కాన్ చేస్తే, గొంతులో ఎలుక తోక అడ్డుపడి చచ్చిందని 2015లో బయటపడింది. పట్టి బలవంతాన మేపి ఉంటారని శాస్త్రజ్ఞుల అంచనా. నీడ పట్టే రెక్కకు దండం పెడుతూనే ఆ రెక్కను కట్టేసి మేపారన్నమాట. ఇది వినగానే అక్క ముఖం ముడుచుకుంది. నాకు మాత్రం మన గోశాలలు గుర్తొచ్చాయి, పైకి అనలేదు.

కైరోలో జెండా మీద బంగారు పక్షి సలాదీన్ గద్ద. 1952 విప్లవం తర్వాత వచ్చింది, 1972 నుంచి 1984 దాకా దాని స్థానంలో ఖురేషీ డేగ ఉండేది. ఆ రెండింటికీ హోరస్‌తో నేరుగా సంబంధం లేదు. తహ్రీర్ మ్యూజియంలో ఈజిప్టు తొలి రాజుల్లో ఒకడైన నార్మర్ పలక ముందు మేము ఎక్కువసేపు నిలబడ్డాము. 64 సెంటీమీటర్ల ఆ రాతిపలక, 1898 ప్రాంతంలో డేగ పట్నం తవ్వకాల్లోనే దొరికింది. దాని మీద డేగ ఒక మనిషి ముక్కుకు తాడు వేసి పట్టుకుని ఉంది. ఇక్కడ రెక్కల నీడ ఏమీ లేదు, గోళ్ళే. నెఖెన్‌లోనే దొరికిన బంగారు డేగ తల చూసినప్పుడు గైడుగారు దాని కళ్ళ సంగతి చెప్పారు: అవి రెండు రాళ్ళు కావు, నల్లని అగ్నిశిల కడ్డీ ఒక్కటే తల ఈ వైపు నుంచి ఆ వైపుకు దూర్చి, రెండు కొసలనూ మెరుగుపెట్టారు.

చివరికి ఖఫ్రే దగ్గరికి వెళ్ళాము. గీజాలో రెండో పిరమిడ్ కట్టించిన రాజు. 1860లో మారియెట్‌కే దొరికిన విగ్రహం, 168 సెంటీమీటర్లు, ముదురు ఆకుపచ్చ మీద తెల్ల చారలున్న రాయి. ఎదురుగా నిలబడితే రాజు ఒక్కడే కనిపిస్తాడు. అక్క ఎదురుగానే నిలబడి, “ఏదిరా పక్షి?” అని అడిగింది. చెయ్యి పట్టుకుని నాలుగు అడుగులు పక్కకు నడిపించాను. సింహాసనం వీపు మీద వాలిన డేగ, రెండు రెక్కలూ ముందుకు చాచి రాజు తలను వెనక నుంచి పొదువుకుని ఉంది. పిల్లవాడి చెవులు మూసి జోకొడుతున్నట్టే ఉంది. దాని గోళ్ళు ఎక్కడున్నాయో అని నేను వంగి వెతుకుతుంటే, అక్క మళ్ళీ ఎదురుగా వెళ్ళి నిలబడింది, మళ్ళీ పక్కకు వచ్చింది. అలా మూడుసార్లు తిరిగింది. గదిలోని కాపలాదారు, వేళయిందని చేత్తో సైగ చేస్తూ మా వైపు నడిచి వచ్చాడు.