సీక్వోయా బెరడు: నాలుగోసారీ అడ్డంగానే పగిలింది

పొద్దున లేవగానే బాల్కనీలోకి పరుగెత్తాను. పుట్టీ పగిలింది. మళ్లీ అడ్డంగానే!

1891లో కాలిఫోర్నియాలో నరికిన మార్క్ ట్వేన్ చెట్టుకు చిన్న నమూనా చేస్తున్నాను, 1:87 కొలతలో, అంటే అసలుకు 87వ వంతు. సీక్వోయా అనే మహావృక్షాల జాతి చెట్టది. మనుషులు నిలబడి కోసే పలకలు, గొడ్డలి గాటు, 20 మి.మీ. మనుషులు, పొడవాటి రంపం అన్నీ కుదిరాయి. బెరడొక్కటే లొంగట్లేదు.

16 అడుగుల అడ్డకొలత ఉన్న మొదలంటే నమూనాలో 56 మి.మీ. రెండడుగుల దాకా మందం ఉండే బెరడు కాబట్టి, 40 మి.మీ. పైపు మీద 7 మి.మీ. పుట్టీ. తడి మీదే నిలువు చాళ్లు గీస్తున్నాను.

మొదటిసారి మందమంతా ఒకేసారి పెడితే నాలుగేసి సెంటీమీటర్లకో పగులు, 2 మి.మీ. వెడల్పు. రెండోసారి రోజు తేడాతో రెండు పూతలు వేస్తే పైపూత పెచ్చులా ఊడింది. మూడోసారి పైపును 60 నంబరు గరుకు కాగితంతో రుద్ది, గాజుగుడ్డ చుట్టాను. పట్టు దొరికింది, కానీ సన్న పగుళ్లు లెక్కలేనన్ని. ఈసారి మూడో వంతు రంపపు పొట్టు, ఫెవికాల్ నీళ్లు కలిపి, తడిగుడ్డ కప్పి రెండు రోజులు నీడన పెట్టాను. పగుళ్లు మూడే, కానీ ఒక్కోటి చుట్టూ కడియంలా తిరిగింది.

కొలిచాను. 300 మి.మీ. పూత రెండు కొసల్లోనూ 2 మి.మీ. చొప్పున లోపలికి జరిగింది. 1 మి.మీ. చాళ్లు 1.4 అయ్యాయి. చుట్టుకొలతలో బిగువును చాళ్లు విచ్చుకుని తీసుకుంటున్నాయి, పొడవునా లాగేదాన్ని ఆపేది ఏదీ లేదు. ఇదే కారణమని నా అనుమానం.

అసలు సీక్వోయా బెరడే ఎర్రటి పీచు. మన కొబ్బరి పీచు ఇంట్లోనే ఉండగా ఇన్నాళ్లూ తట్టలేదు! ఫెవికాల్‌లో నానబెట్టి నిలువుగా పరిచి, పైన 2 మి.మీ. పుట్టీ చాలేమో. ఎం-సీల్ (రెండు ముద్దలు కలిపి పిసికే ఎపాక్సీ) గట్టిదే, కానీ అడుగు పొడవుకు ఖర్చెక్కువ. రంగుకు కేమెల్ అక్రిలిక్ నాకు చాలు.

1341 వలయాలున్న ఆ చెట్టును పడగొట్టడానికి 13 రోజులు పట్టింది. అడ్డకోత పలక న్యూయార్క్ మ్యూజియంలో ఉంది. ఆ మోడు పైభాగం గీస్తుంటే చెయ్యి ఆగిపోతుంది.

బెరడు కుదిరితే తర్వాత చెట్టు పడేచోట పరిచే పడక. సీక్వోయా కలప పెళుసు, పడగానే ముక్కలయ్యేది. అందుకే కందకం తవ్వి కొమ్మలు పరిచేవాళ్లు. దానికి ఎండిన సరుగుడాకు ఏరి పెట్టాను. ఆదివారం పీచుతో ఐదోసారి.