నా అనుభవం: పంచనామాలో పడే ఒక్క అంకె

మా బావ సుతారి మేస్త్రీ. విజయవాడ హైవే మీద చౌటుప్పల్ దగ్గర లారీ గుద్ది చనిపోయాడు. పోలీస్ స్టేషన్ కాయితాల నుంచి నల్లగొండ కోర్టు తీర్పు దాకా అక్క వెంట నేనే తిరిగాను. అట్లాంటి కష్టం వచ్చిన ఇంకో ఇంటికి పనికొచ్చేంత మటుకే రాస్తున్నాను. నష్టపరిహారం కోర్టులో తేలుతుందని అందరూ అనుకుంటారు. అందులో పెద్ద భాగం దినాలు కాకముందే, మార్చురీ దగ్గరే తేలిపోతుంది.

శవపంచనామా, అంటే శవాన్ని చూసి పోలీసులు రాసే కాయితం, రాసేటప్పుడు వయసెంత, ఏం పని చేస్తాడు అని అడుగుతారు. ఇంటివాళ్లు ఏడుస్తుంటారు. పక్కనున్నవాళ్లెవరో "నలభై ఉంటయి సార్, కూలి పని" అంటారు. అదే పోస్టుమార్టం రిపోర్టులోకి, చార్జిషీటులోకి ఎక్కుతుంది. ఆ మాట ఖరీదెంతో చూడండి. 34 ఏళ్ల మేస్త్రీకి నెలకు 15,000 సంపాదన అనుకుందాం. సొంతంగా పని చేసుకునేవాళ్లకు 40 లోపు వయసైతే, ముందు ముందు పెరిగే ఆదాయం కింద 40 శాతం కలుపుతారు. 21,000 అయింది, ఏడాదికి 2,52,000. భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి కలిసి నలుగురు ఆధారపడి ఉన్నారు కాబట్టి అతని సొంత ఖర్చు కింద నాలుగో వంతు తీసేస్తారు. మిగిలింది 1,89,000. దీన్ని వయసును బట్టి ఉండే గుణకంతో హెచ్చవేస్తారు. 31 నుంచి 35 ఏళ్ల వయసుకు గుణకం 16. మొత్తం 30,24,000. అదే మనిషికి 40 అని పడితే కలిపేది 25 శాతమే, గుణకం 15కు దిగుతుంది, లెక్క 25,31,250 దగ్గర ఆగుతుంది. తేడా 4,92,750 రూపాయలు.

గుణకాలు 2009లో సరళా వర్మ కేసులో, కలిపే శాతాలు 2017లో ప్రణయ్ సేథీ కేసులో సుప్రీంకోర్టు ఖాయం చేసింది. వకీలు చెప్పే అంకెను ఇంట్లో కూర్చుని సరిచూసుకోవచ్చు. దీని మీద మనిషి తోడు పోయినందుకు భార్యకు, పిల్లలకు, తల్లిదండ్రులకు తలా 40 వేలు, అంత్యక్రియలకు 15 వేలు, బతికుంటే అతను వెనకేసే ఆస్తి పోయినందుకు 15 వేలు అన్నవి 2017 నాటి అంకెలు. అప్పటి నుంచి ఇవి మూడేళ్లకోసారి పది శాతం పెరుగుతాయి.

వయసు తప్పు పడితే బడి టీసీ గానీ పదో తరగతి మెమో గానీ వెతకండి. వయసుకు ఆధార్ కన్నా బడి సర్టిఫికెట్టే నమ్మదగిందని 2024లో సుప్రీంకోర్టు చెప్పింది. మన ఊళ్లలో ఎంతమంది ఆధార్‌లో పుట్టినరోజు జనవరి 1 అని ఉంటుందో తెలిసిందే కదా. ఇక సంపాదన. మేస్త్రీకి జీతం చీటీ ఎక్కడిది? పని ఇచ్చిన కాంట్రాక్టర్ కోర్టుకొచ్చి సాక్ష్యం చెప్పాలి. ఉత్త చీటీ రాసిస్తే నిలబడదు. బ్యాంకు పాసుబుక్కు, ఫోన్‌పేలో పడిన కూలి, లేబర్ కార్డు, కట్టిన కిస్తులు అన్నీ తీసిపెట్టండి. చనిపోయింది ఇల్లాలైనా ఆమె ఇంటిపనికి కోర్టు విలువ కడుతుంది. ఆదాయం లేదని వదిలెయ్యొద్దు.

ఎఫ్ఐఆర్‌లో బండి నంబరు లేకపోతే అసలు చిక్కు. నంబరు నెల తర్వాత బయటపడితే, బండిని కావాలని ఇరికించారని బీమా కంపెనీ వాదిస్తుంది. ఈ హైవే మీది పంతంగి, కొర్లపహాడ్ టోల్‌గేట్లలో కెమెరాలున్నాయి. పాత రికార్డింగు చెరిగిపోకముందే, ఫుటేజీ తెప్పించమని ఎస్సైకి రాతపూర్వకంగా ఇచ్చి, అందినట్టు సంతకం తీసుకోండి. బండి దొరకనే లేదంటే ఆర్డీవో ఆఫీసులో హిట్ అండ్ రన్ పథకం కింద దరఖాస్తు పెట్టండి. మరణానికి 2 లక్షలు వస్తాయి. కోర్టు లెక్క ముందు అది చాలా చిన్నది.

పోలీసులు 48 గంటల్లో తొలి రిపోర్టు, 90 రోజుల్లో పూర్తి రిపోర్టు ట్రిబ్యునల్‌కు, అంటే ఈ నష్టపరిహారం కేసులు చూసే కోర్టుకు, పంపాలని 2022 నిబంధనలు చెబుతున్నాయి. వాళ్లు పంపుతారని కూర్చోకండి. చట్టంలో గడువు ప్రమాదం రోజు నుంచి ఆరు నెలలు. ప్రమాదం ఎక్కడ జరిగినా మీరుండే జిల్లాలోనే కేసు వేయొచ్చు. మేం నల్లగొండలో వేసింది అందుకే. ఎఫ్ఐఆర్, పంచనామా, పోస్టుమార్టం, చార్జిషీటు, బండిని తనిఖీ చేసిన మోటారు వాహన ఇన్‌స్పెక్టర్ (ఎంవీఐ) రిపోర్టు, ఆర్సీ, డ్రైవర్ లైసెన్సు, ప్రమాదం రోజుకు అమల్లో ఉన్న బండి బీమా పాలసీ కాపీ, మరణ ధ్రువపత్రం, తహసీల్దార్ ఇచ్చే కుటుంబ సభ్యుల సర్టిఫికెట్ కావాలి. ఈ సర్టిఫికెట్‌లో తల్లి పేరు మర్చిపోతారు. మా దాంట్లోనూ పోయింది, మళ్లీ మీసేవకు తిరగాల్సి వచ్చింది. డ్రైవర్‌కు లైసెన్సు లేకపోయినా ఆశ వదులుకోకండి. ముందు మీకు కట్టి తర్వాత ఓనర్ దగ్గర వసూలు చేసుకొమ్మని బీమా కంపెనీని కోర్టు ఆదేశించవచ్చు.

ఆస్పత్రి దగ్గరికే వచ్చి తెల్ల కాయితాల మీద సంతకాలడిగే మధ్యవర్తులను దగ్గరికి రానివ్వకండి. జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో ఆడవాళ్లకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా వకీలును ఇస్తారు. లోక్ అదాలత్‌లో రాజీ పడమంటే పైన చెప్పిన లెక్క ముందేసుకుని కూర్చోండి. అక్కడ ఒప్పుకున్నాక అప్పీలు ఉండదు. కోర్టు తీర్పు మీదైతే హైకోర్టుకు 90 రోజులు.

రైతు అయితే వచ్చే రైతు బీమా 5 లక్షలు, ఎల్ఐసీ పాలసీ సొమ్ము ఈ నష్టపరిహారానికి వేరు. ఎల్ఐసీ సొమ్మును నష్టపరిహారంలో కోయడానికి లేదు. తీర్పు వచ్చాక డబ్బు ఒక్కొక్కరి వాటాగా విడిపోతుంది, అందుకని అత్తకూ కోడలికీ వేరువేరు ఖాతాలు ముందే తెరిచి పెట్టుకోండి. పిల్లల వాటా మామూలుగా 18 ఏళ్లు నిండేదాకా బ్యాంకులో డిపాజిట్‌గా ఉంచుతారు. ఫీజుల కోసం మధ్యలో తీసుకోవాలంటే కోర్టులో పిటిషన్ వేయాలి. బడి రసీదులు దాచిపెట్టండి.